గుర్తు పట్టే కన్ను: హరూన్ ఫరోకీ సినిమాల్లో మనిషీ యంత్రమూ

పదో తరగతి సర్టిఫికెట్ కోసం పుట్టుమచ్చలు చూపించుకోని తెలుగువాళ్లు తక్కువ. టీచరు ఒక్కొక్కరినీ పిలిచి, మెడ మీదో మోచేతి దగ్గరో రెండు మచ్చలు వెతికి కాగితం మీద ఎక్కిస్తారు. మచ్చలు దొరకని పిల్లలకు చిన్నప్పుడు పడ్డ దెబ్బ తాలూకు గాటు అక్కరకొస్తుంది. ఆ తర్వాత ఆ మచ్చల్ని ఎవరైనా సర్టిఫికెట్‌తో సరిచూడటం అరుదు. అయినా రికార్డులో ఆ మనిషంటే ఆ రెండు మచ్చలే. ఇంట్లో అమ్మకి ఇవేవీ అక్కర్లేదు, కరెంటు పోయిన రాత్రి గుమ్మం దగ్గర అడుగుల చప్పుడు విని వచ్చిందెవరో చెప్పేస్తుంది. తెలుగులో ఈ రెంటికీ ఒకటే మాట వాడతాం. ఒంటి మీద ఉన్నదీ గుర్తే, మనసులో ఉన్నదీ గుర్తే.

జర్మన్ డాక్యుమెంటరీ దర్శకుడు హరూన్ ఫరోకీకి తెలుగు రాదు. కానీ 45 ఏళ్లపాటు ఆయన తీసిన సినిమాల్లో చాలావాటిని ఈ ఒక్క మాట పట్టుకుని చదవొచ్చు. ఒంటి మీది గుర్తును చూసేది కెమెరా, ఫైలు, కంప్యూటరు. మనసులో గుర్తు ఉండేది మనుషులకు. మొదటిది రెండోదాని చోటులోకి ఎలా వచ్చి కూర్చుందో ఆయన సినిమా తర్వాత సినిమాగా చూపించారు.

ఫరోకీ 1944 జనవరి 9న నోయ్‌టిట్‌షైన్ అనే ఊళ్లో పుట్టారు. అప్పట్లో నాజీ జర్మనీ కలిపేసుకున్న ఆ ఊరు ఇప్పుడు చెక్ రిపబ్లిక్‌లో ఉంది, పేరు నోవీ యిచీన్. తండ్రి అబ్దుల్ ఖుద్దూస్ ఫారూఖీ 1920ల్లో జర్మనీ వెళ్లిన భారతీయ డాక్టరు, తల్లి జర్మన్. చిన్నతనం కొంత ఇండియాలో, ఇండోనేసియాలో గడిచింది. తర్వాత కుటుంబం జర్మనీలో స్థిరపడింది. హైదరాబాద్‌లో ఏ ఆటో డ్రైవరైనా తడుముకోకుండా పలికే ఫారూఖీ అన్న ఇంటిపేరు జర్మన్ల నోటికి లొంగలేదేమో, యువకుడిగా ఉన్నప్పుడే దాని స్పెల్లింగ్ తేలిక చేసుకుని ఫరోకీ అయ్యారు.

ఇలాంటి పుట్టుక ఉన్న దర్శకుడు తన మూలాలు వెతుక్కుంటూ తండ్రి ఊరికి కెమెరా పట్టుకెళ్తాడని ఎవరైనా అనుకుంటారు. అలాంటి సినిమాలకు ఫిల్మ్ ఫెస్టివల్స్‌లో గిరాకీ కూడా ఎక్కువే. ఫరోకీ ఆ దారి పట్టలేదు. ‘నేనెవరు’ అన్న ప్రశ్న మీద ఆయనకు పెద్ద ఆసక్తి ఉన్నట్టు కనపడదు. ‘నువ్వెవరో తేల్చేది ఎవరు, ఏ పరికరంతో, ఏ పని కోసం’ అన్నది ఆయన ప్రశ్న. ఇది మొదటిదానికంటే గట్టి ప్రశ్న.

1966లో బెర్లిన్‌లో తెరిచిన ఫిల్మ్ అకాడమీలో ఆయన మొదటి బ్యాచ్. రెండేళ్లకే, 1968లో, రాజకీయాల కారణంగా కొందరు విద్యార్థుల్ని బయటికి పంపేశారు. వాళ్లలో ఈయనా ఉన్నారు. మరుసటి ఏడాది తీసిన సినిమాతో పేరు వచ్చింది. వియత్నాం మీద అమెరికా వేస్తున్న నాపామ్ అనే నిప్పు బాంబుల గురించిన సినిమా అది. అందులో ఫరోకీ ఒక బల్ల ముందు కూర్చుని, బాధితుడి వాంగ్మూలం చదువుతారు. కాలిన ఒళ్లు చూపిస్తే మీరు కళ్లు మూసుకుంటారు, ఆ తర్వాత ఆ జ్ఞాపకం మీద, ఆ తర్వాత అసలు విషయం మీదే కళ్లు మూసుకుంటారు అంటారు. అని, వెలుగుతున్న సిగరెట్ తీసుకుని తన ముంజేతి మీద ఆర్పేస్తారు. సిగరెట్ 400 డిగ్రీల దగ్గర కాలుతుంది, నాపామ్ 3000 డిగ్రీల దగ్గర అని వెనక నుంచి గొంతు చెబుతుంది. అంతే. ఆయన సినిమాల గురించి మాట్లాడే ప్రతివాళ్లూ ఈ సిగరెట్ దగ్గరే ఆగిపోతారు. నిజానికి ఆ సినిమాలో అంతకంటే పదునైనది చివర్లో వస్తుంది. వాక్యూమ్ క్లీనర్ల ఫ్యాక్టరీలో పనివాడు భార్య కోసమని రోజుకో భాగం ఇంటికి పట్టుకెళ్తాడు. అన్నీ కలిపి బిగిస్తే ప్రతిసారీ మెషిన్ గన్ తయారవుతుంది. తను చేస్తున్న పని ఏమిటో తనకే తెలియని మనిషికి తనెవరో ఏం తెలుస్తుంది? కెమిస్టు తన ఫార్ములా దాకే చూస్తాడు, ఇంజినీరు తన మెషిన్ దాకే చూస్తాడు. పనిని ముక్కలు చేస్తే మనిషి కూడా ముక్కలవుతాడన్న ఆలోచన ఇక్కడ మొదలై చివరిదాకా ఆయనతో వచ్చింది.

ఫరోకీ అసలు బలం తెలియాలంటే 1988లో వచ్చిన ‘ప్రపంచపు బొమ్మలు, యుద్ధపు రాత’ చూడాలి. 75 నిమిషాలు. పెద్దగా కథేమీ లేదు. అక్కడక్కడి నుంచి తెచ్చిన బొమ్మల్ని పక్కపక్కన పెట్టి, ఒక ఆడగొంతు చదివే వ్యాఖ్యతో కలుపుకుంటూ పోతారు. మొదటిసారి చూసినవాళ్లకు వీటి మధ్య సంబంధం ఏమిటో ఒక పట్టాన అర్థం కాదు.

1858లో వెట్జ్‌లార్ అనే ఊళ్లో ఆల్బ్రెక్ట్ మైడెన్‌బావర్ అనే ప్రభుత్వ ఉద్యోగి చర్చి గోడ కొలతలు తీస్తున్నాడు. పరంజా కట్టే ఖర్చు మిగల్చడానికి తాడుకు వేలాడే బుట్టలో కూర్చుని కొలుస్తూ కొద్దిలో కిందపడి చావు తప్పించుకున్నాడు. ఆ భయంలోంచి ఆయనకు ఒక ఆలోచన పుట్టింది: గోడ ఎక్కడమెందుకు, ఫొటో తీసి దాని మీద కొలుచుకుంటే పోలా? ఫొటోతో కొలతలు తీసే శాస్త్రం జర్మనీలో అలా మొదలైంది. దగ్గరికెళ్తే ప్రమాదం, దూరం నుంచి ఫొటో తీస్తే క్షేమం. ఈ సూత్రం చర్చి గోడ దగ్గర ఆగలేదు.

1944 ఏప్రిల్ 4న ఇటలీలోని ఫోజా నుంచి బయల్దేరిన మిత్రరాజ్యాల విమానం పోలండ్ వైపు వెళ్లింది. దాని పని అక్కడి ఫ్యాక్టరీల ఫొటోలు తీసుకురావడం. పైలట్ కెమెరా నొక్కాడు. ఫిల్ములు ఇంగ్లండ్‌లో ఇలాంటి ఫొటోల్ని పరిశీలించే సైనిక కేంద్రం మెడ్‌మెనమ్‌కు చేరాయి, నిపుణులు భూతద్దాలు పెట్టి చూశారు. కరెంటు ప్లాంటు, కార్బైడ్ ఫ్యాక్టరీ, కడుతున్న రబ్బరు కర్మాగారం, అన్నీ గుర్తుపట్టి రాసుకున్నారు. అవే ఫొటోల్లో నాజీలు యూదుల్ని చంపుతున్న ఆష్విట్జ్ శిబిరం కూడా ఉంది. గ్యాస్ చాంబర్లు ఉన్న చోటు ఉంది. దాన్ని ఎవరూ గుర్తుపట్టలేదు, ఎందుకంటే వెతకమని వాళ్లకు ఎవరూ చెప్పలేదు. మూడు దశాబ్దాలకు పైగా గడిచాక, 1970ల చివర్లో, అమెరికా గూఢచారి సంస్థ సీఐఏ ఉద్యోగులు ఇద్దరు పాత ఫైళ్లలోంచి వాటిని తీసి చూశారు. ఈసారి ఏం వెతకాలో తెలుసు కాబట్టి కనపడింది. ఆ ఫొటోల మీద ‘కాపలా బురుజు’, ‘గ్యాస్ చాంబర్’ అని మాటలు రాశారు.

ఫరోకీ ఈ ఫొటోల్ని మళ్లీ మళ్లీ చూపిస్తారు. వాటిలో ఒకచోట మనుషులు చుక్కల్లా వరుసగా నిలబడి ఉంటారు. రిజిస్టర్‌లో ఎక్కడానికి, చేతి మీద నంబరు పచ్చబొట్టు పొడిపించుకోవడానికి కట్టిన వరుస అది. పైనుంచి చూసే కెమెరాకి వాళ్లు చుక్కలు, కిందున్న గుమాస్తాకి నంబర్లు. జర్మన్‌లో ఔఫ్‌క్లేరుంగ్ అని ఒక మాట ఉంది. అజ్ఞానాన్ని పోగొట్టే వెలుగుకూ అదే పేరు, శత్రువు జాడ తీసే సైనిక నిఘాకూ అదే పేరు. ఆ సినిమా మొత్తం ఈ మాట చుట్టూ తిరుగుతుంది. మన ‘గుర్తు’ లాంటి మాటే.

ఇక మూడో ముక్క. 1960లో అల్జీరియా ఇంకా ఫ్రాన్సు చేతిలో ఉంది, స్వాతంత్ర్య యుద్ధం నడుస్తోంది. ఊళ్లు ఖాళీ చేయించి జనాన్ని సైన్యం కనుసన్నల్లో ఉండే కొత్త పల్లెల్లో పెట్టారు. వాళ్లందరికీ గుర్తింపు కార్డులు కావాలి. మార్క్ గారాంజే అనే కుర్ర సైనికుడికి ఫొటోలు తీసే పని అప్పగించారు. పది రోజుల్లో సుమారు 2000 ఫొటోలు తీశాడు. ముసుగు లేకుండా పరాయి మగవాళ్ల ముందుకు ఎప్పుడూ రాని ఆడవాళ్లను తెల్లటి గోడ ముందు స్టూలు మీద కూర్చోబెట్టి, ముసుగు తీయించి తీసిన ఫొటోలవి. వాళ్లకు కాదనే వీలు లేదు. చేయగలిగింది ఒక్కటే, కెమెరాలోకి సూటిగా చూడటం. ఆ చూపుల్లో కోపం ఉంది, అసహ్యం ఉంది, కొందరిలో అర్థం కాని దిగ్భ్రమ ఉంది. ఆ యుద్ధం అంటే గిట్టని గారాంజే 1982లో వాటినే సాక్ష్యంగా పుస్తకం వేశాడు.

ఫరోకీ ఆ పుస్తకం తెరిచి బల్ల మీద పెట్టి, ఒక్కో పేజీ తిప్పుతారు. ఒక ముఖం దగ్గర ఆగి, తన చేత్తో ముక్కూ నోరూ కప్పి కళ్లు మాత్రం మిగుల్చుతారు. తెలిసినవాళ్ల ముఖం చూసినప్పుడు వాళ్లతో గడిపిన కాలం కూడా ఆ చూపులోకి వస్తుందని, ఫొటో ఆ ముందూ వెనకా కత్తిరించి ఒక్క క్షణాన్ని మిగుల్చుతుందని వ్యాఖ్య చెబుతుంది. అమ్మకు గుర్తుండే ముఖానికీ కార్డు మీది ముఖానికీ ఉన్న తేడాను ఇంత తక్కువ మాటల్లో చెప్పిన సినిమా మరొకటి దొరకడం కష్టం.

ఇక్కడ ఒక అభ్యంతరం దాటవేయకూడదు. బలవంతంగా తీసిన ఫొటోల్ని సినిమాలో మళ్లీ చూపించడం అంటే ఆ ముసుగును రెండోసారి తీయడమే కదా? పేర్లు లేవు, వాళ్లు మాట్లాడిన మాట ఒక్కటీ లేదు. ఆ ఆడవాళ్లు ఫరోకీ ఆలోచనకు ఉదాహరణలుగా మిగిలిపోయారని ఎవరైనా అంటే తోసిపుచ్చలేం. ఆ కప్పిన చెయ్యి ఆయనకీ ఈ ఇబ్బంది తెలుసని చెబుతుంది. తెలిసి కూడా పేజీ తిప్పారు. సినిమాలో ఇది తేలని లెక్కగానే ఉండిపోయింది, నిజాయితీగా ఉండిపోయింది అనొచ్చు.

ముఖం సంగతి ఇది. మనిషి నడత సంగతి ఇంకో రకం. 1990లో తీసిన సినిమాలో పశ్చిమ జర్మనీ మొత్తం రిహార్సల్ చేస్తూ కనపడుతుంది: కాన్పు చేయడం నేర్చుకునేవాళ్లు బొమ్మల మీద, పోలీసులు ఉత్తుత్తి నిందితుల మీద, ఇన్సూరెన్స్ ఏజెంట్లు తోటి ఏజెంట్ల మీద. మధ్యమధ్యలో ఒక యంత్రం పరుపును గంటల తరబడి దొర్లిస్తూ ఎన్నాళ్లు మన్నుతుందో పరీక్షిస్తుంటుంది. వ్యాఖ్య ఏమీ ఉండదు, అక్కర్లేదు. 1997లో తీసిన మరో సినిమా ఉద్యోగ ఇంటర్వ్యూ శిక్షణ గురించి. చదువు మధ్యలో మానేసినవాళ్లు, డిగ్రీ చేతికొచ్చినవాళ్లు, ఏళ్ల తరబడి పని లేనివాళ్లు, మత్తు నుంచి బయటపడ్డవాళ్లు, ఆఖరికి మేనేజర్లు కూడా, తమని తాము ఎలా అమ్ముకోవాలో నేర్చుకుంటుంటారు. చేతులు ఎక్కడ పెట్టాలి, ఎంత నవ్వాలి, మీ బలహీనత ఏమిటంటే ఏం చెప్పాలి. ప్రాక్టీసు వీడియో తీసి, వాళ్లకే చూపించి, తప్పులు దిద్దుతారు. అమీర్‌పేటలో కోర్సు చేసి మాక్ ఇంటర్వ్యూలో ‘టెల్ మీ అబౌట్ యువర్‌సెల్ఫ్’ కు జవాబు బట్టీపట్టినవాళ్లు ఈ సినిమా చూస్తే నవ్వు ఆపుకోలేరు. నవ్వాక కాస్త టెన్షన్ కూడా పుడుతుంది, ఎందుకంటే ఆ తెర మీద తమ పాత వీడియోలోకి తామే చూస్తూ ఇబ్బంది పడే ముఖాలు బాగా తెలిసినవే.

2000 తర్వాత ఫరోకీ పని సినిమా హాళ్ల నుంచి ఎక్కువగా గ్యాలరీలకు మారింది, పక్కపక్కన రెండు తెరలతో. అప్పటికి బొమ్మలు కూడా మారిపోయాయి. కాలిఫోర్నియాలోని కోర్కొరన్ జైలు నిఘా కెమెరాల వీడియోతో ఒక పని చేశారు. అక్కడి ఖైదీల ఆవరణ విసనకర్రలా కోణంగా ఉంటుంది. కెమెరాకు ఎంత మేర కనపడుతుందో గార్డు తుపాకీకి అంత మేర అందుతుంది. అదే పనిలో ఆయన ఒక సూపర్‌మార్కెట్ సాఫ్ట్‌వేర్ చూపిస్తారు. కొనడానికి వచ్చినవాళ్లు అందులో కదిలే చుక్కలు, ఏ అర వైపు ఎటు తిరిగారో గీతలుగా పడుతుంటుంది. 1944 విమానం ఫొటోలోని చుక్కలు గుర్తున్నవాళ్లకు ఇంక వ్యాఖ్య వినే పని లేదు.

2001 నుంచి 2003 వరకు మూడు భాగాలుగా చేసిన ‘కన్ను/యంత్రం’ లో ఆయన ఒక మాట వాడకంలోకి తెచ్చారు: ఆపరేషనల్ ఇమేజ్. 1991 గల్ఫ్ యుద్ధంలో క్షిపణి ముక్కుకు కట్టిన కెమెరా పంపిన బొమ్మల్ని టీవీలో అందరూ చూశారు. లక్ష్యం దగ్గరవుతుంది, దగ్గరవుతుంది, తెర తెల్లబడుతుంది. ఆ బొమ్మ ఎవరికీ వార్త చెప్పడానికో, వినోదానికో తీసింది కాదు. అది ఆ పనిలో ఒక భాగం, రెంచీలా, స్క్రూడ్రైవర్‌లా. రోబో చేయి భాగాన్ని పట్టుకోవడానికి తీసుకునే బొమ్మ కూడా అంతే. మనిషి చూడాల్సిన అవసరం లేని బొమ్మలు ఇవి. మనం మధ్యలో దూరి చూస్తే చూడొచ్చు.

ఈ మాట ఇవాళ మ్యూజియంలు దాటి కూలి పని దగ్గరికి వచ్చింది. 2023 జనవరి 1 నుంచి ఉపాధి హామీ పనుల దగ్గర కూలీల ఫొటో రోజుకు రెండుసార్లు తీసి యాప్‌లో ఎక్కించడం దేశమంతా తప్పనిసరి చేశారు. ఎండలో వరుసగా నిలబెట్టి, పని చూసుకునే మేట్ తన ఫోన్‌తో తీసేవారు. సిగ్నల్ లేకపోతే అదో బాధ. రోజూ పోగుపడే ఇన్ని ఫొటోల్ని కూర్చుని చూసే మనిషి ఎక్కడున్నాడు? పనితో సంబంధం లేని ఫొటోలు, ఫొటోకే ఫొటో తీసి ఎక్కించినవి వస్తున్నాయని 2025లో కేంద్ర గ్రామీణాభివృద్ధి శాఖే రాష్ట్రాలకు రాసింది. చూసేవాడు లేని బొమ్మకు ఏ బొమ్మైనా ఒకటేనని కింద ఉన్నవాళ్లు ముందే కనిపెట్టేశారన్నమాట. 2020 జనవరి తెలంగాణ మున్సిపల్ ఎన్నికల్లో కొంపల్లిలోని 10 పోలింగ్ కేంద్రాల్లో ఓటర్ల ముఖాల్ని యాప్‌తో పోల్చి చూసే ప్రయోగం జరిగింది. ఊళ్లో పోలింగ్ ఏజెంట్ చేసే పని, అంటే ‘ఈయన ఫలానా వాళ్ల పెద్దబ్బాయి’ అని చెప్పడం, యంత్రం చేయగలదా అన్నది పరీక్ష.

2009, 2010ల్లో ఫరోకీ అమెరికా సైనిక శిక్షణ మీద నాలుగు వీడియోలు చేశారు. ఒకదానిలో ట్వెంటీనైన్ పామ్స్ స్థావరంలో కుర్ర సైనికులు ల్యాప్‌టాప్‌ల ముందు కూర్చుని ట్యాంకు నడుపుతారు. వాళ్లలో ఒకడి పాత్ర చచ్చిపోతుంది, వాడు కుర్చీలో వెనక్కి వాలుతాడు. ఇంకోదానిలో యుద్ధం నుంచి మనసు చెదిరి తిరిగొచ్చిన సైనికులకు అలాంటి కంప్యూటర్ బొమ్మలతోనే చికిత్స. కళ్లకు పరికరం తగిలించుకున్న ఒకాయన తోటివాడు చనిపోయిన రోజు గుర్తు చేసుకుంటూ తడబడతాడు, ఇక నావల్ల కాదంటాడు, గొంతు పూడుకుపోతుంది. చూస్తున్నవాళ్లకు కడుపులో దేవినట్టు ఉంటుంది. అంతలో చప్పట్లు. ఆయన చికిత్స చేసే నిపుణుడు, పరికరం ఎలా వాడాలో సైన్యానికి చేసి చూపిస్తున్నాడు. 1997 నాటి ఇంటర్వ్యూ ప్రాక్టీసు ఇక్కడ గాయం దాకా వచ్చింది. నాలుగో వీడియోలో ఒక చిన్న సంగతి చెబుతారు. శిక్షణ కోసం చేసిన బొమ్మల్లో వస్తువులకు నీడలు పడతాయి. చికిత్స కోసం చేసిన వాటిలో నీడలు ఉండవు, అది చవక రకం. ఈ ఒక్క గమనింపు కోసం ఆ నాలుగూ చూడొచ్చు.

కంప్యూటర్ గేముల మీద ఆయన చేసిన చివరి వరస మరీ అంత పట్టు ఉన్నదని అనిపించదు. తాకితే ఒకేలా ఉలిక్కిపడి, మరుక్షణం అన్నీ మరిచిపోయే గేము పాత్రల భాగం మాత్రం మనసులో తిరుగుతుంది. అది పూర్తయిన 2014లోనే, జులై 30న, 70 ఏళ్ల వయసులో ఫరోకీ చనిపోయారు.

యంత్రం చూపు మీద ఇంత అనుమానం ఉన్న దర్శకుడు దాన్ని మెచ్చుకున్నట్టు కనపడే సినిమా ఒకటుంది. 2007లో తీసిన ‘గడువు’. శబ్దం లేదు, నలభై నిమిషాలు. నెదర్లాండ్స్‌లోని వెస్టర్‌బోర్క్ అనే నాజీ శిబిరం నుంచి యూదుల్ని, రోమా, సింతీ తెగల వాళ్లను రైళ్లలో ఆష్విట్జ్‌కు పంపేవారు. 1944లో ఆ శిబిరం కమాండెంటు అక్కడి ఖైదీ రుడోల్ఫ్ బ్రెస్లావర్‌తోనే శిబిరం మీద ఫిల్ము తీయించాడు. ఫరోకీ ఆ ఫిల్మునే తీసుకుని, మధ్యలో రాతలు పెట్టి, మళ్లీ చూపిస్తారు. తోపుడు బండి మీద ఒక జబ్బుపడిన స్త్రీని రైలు దగ్గరికి తెస్తున్నారు. ఆమె సూట్‌కేసు మీద పేరు, పుట్టిన తేదీ రాసి ఉన్నాయి. ఆ ఫ్రేమును ఆపి, పెద్దది చేసి చదివి, పంపినవాళ్ల జాబితాతో పోలిస్తే ఆ రైలు 1944 మే 19న బయల్దేరినదని తేలింది. మెడ్‌మెనమ్‌లో భూతద్దం చేయని పని ఇక్కడ జరిగింది.

అదే రైల్లో పెట్టె తలుపు సందులోంచి తలకు గుడ్డ కట్టుకున్న ఒక అమ్మాయి బయటికి చూస్తుంది. ఆ ఫిల్ము మొత్తంలో దగ్గరగా తీసిన ముఖం అదొక్కటే. ఆ ముఖంలో చావు భయం చూశాక బ్రెస్లావర్ మరెవరినీ అంత దగ్గరగా తీయలేకపోయి ఉంటాడని ఫరోకీ రాశారు. దశాబ్దాలపాటు ఆ అమ్మాయి పేరు ఎవరికీ తెలియదు, యూదుల అమ్మాయి అనుకున్నారు. సూట్‌కేసు మీద పేరున్నట్టు ఆమె మీద ఏమీ రాసి లేదు, ఎంత పెద్దది చేసినా ఫ్రేములో దొరికేది ఆమె ముఖమే. ఆమె సింతీ అమ్మాయి, పేరు సెటెలా స్టైన్‌బాఖ్. తలుపు సందులోంచి తల లోపలికి తీసుకోమని రైలుపెట్టెలో తల్లి ఆమెను పేరు పెట్టి పిలిచింది. అదే పెట్టెలో ఉన్న క్రాసా వాగ్నర్ ఆ పిలుపు విన్నది, ఆష్విట్జ్ నుంచి బతికి బయటపడింది. 1994లో ఆ అమ్మాయి ఎవరో గుర్తుపట్టి చెప్పింది ఆవిడే.